అక్కడికి తప్ప

"ఇంకోసారి అడుగుతున్నాను, తొందరపడకుండా చెప్పండి. ఎందుకు వెళ్ళనంటున్నారు?"

"చెప్పాను కదండీ. పాప తొమ్మిదో తరగతి. సంవత్సరం మధ్యలో బడి మారిస్తే..."

"అది అందరూ చెప్పేదే. జడ్జి గారు రోజూ ఎంతోమంది పిల్లల చదువుల గురించి వింటారు. ఇంకా?"

"ఈయన షాపుంది. కళ్ళజోళ్ళ షాపు. ఇప్పుడిప్పుడే నాలుగు బేరాలు తగులుతున్నాయి. దాన్ని వదిలేసి రమ్మంటే..."

"నా షాపు సంగతి రాయకండి మేడమ్. అద్దె గది, రెండు బీరువాలు. ఎక్కడికైనా మోసుకుపోవచ్చు. కళ్ళు మసకబారని ఊరంటూ ఉండదు."

"మీరు ఊరుకోండి."

"అడుగుతున్నారు కాబట్టి చెప్పాను."

నర్సు తల తిప్పి భర్త వైపు చూసింది. ఆమెది జైలు ఆసుపత్రిలో ఉద్యోగం. ఖైదీల జ్వరాలూ గాయాలూ చూసి మందులివ్వడం ఆమె పని. ఉన్నట్టుండి దూరపు ఊళ్ళో ఉన్న పెద్ద జైలుకు బదిలీ చేస్తూ ఆర్డరు చేతికొచ్చింది. దాని మీద కోర్టుకెక్కుదామని, ఉద్యోగుల కేసులు వాదించే ఈ లాయరమ్మను వెతుక్కుంటూ వచ్చింది. ఒక్కతే వద్దామనుకుంది. భర్తే షాపు మూసి మరీ వెంట వచ్చాడు. సాయానికి వచ్చాడో, ఏం చెబుతుందో విందామని వచ్చాడో ఆమెకు అంతుబట్టలేదు.

"సరే, షాపు కొట్టేశాను. ఇంకా?"

"మూడేళ్ళు నిండకుండా మమ్మల్ని కదిలించకూడదని రూలుంది. నాకు నిండలేదు."

"ఇది పనికొస్తుంది. మరెందుకు కదిలించారంటారు?"

"సూపరింటెండెంటు గారికి నా మీద కోపం."

"కోపానికి కారణం?"

"ఒక ఖైదీని మోసుకొచ్చారు. చెయ్యి విరిగుంది. బాత్రూములో జారిపడ్డాడని రాయమన్నారు. జారిపడితే వీపు మీద వాతలు తేలవు కదండీ. డాక్టరు గారు సెలవు. ఆ పూట నేనే రాయాలి. చూసింది చూసినట్టు రాశాను."

"మార్చమన్నారా?"

"మార్చమన్నారు. మార్చలేదు. ఆ తర్వాతే ఆర్డరు వచ్చింది."

"ఇంత గట్టి మాట పెట్టుకుని పాప చదువు దగ్గర మొదలుపెడతారేంటమ్మా? కేసుకి ఇది చాలు. కాకపోతే ఒక చిక్కుంది. మీ యూనియన్ ఆయన నాకు ఫోన్ చేశాడు. మీకు మేలు చేస్తున్నాననుకునే చెప్పాడు పాపం. ఇంకే జైలుకైనా వెయ్యండి, రేపే వెళ్ళి చేరతాను, అక్కడికి తప్ప అన్నారట మీరు. అన్నారా?"

"అని ఉంటాను."

"అన్నారా, అని ఉంటారా?"

"అన్నాను. కోపంలో."

"కోపంలో ఎవరైనా ఎక్కడికీ వెళ్ళను అంటారు. అక్కడికి తప్ప అనరు. అక్కడేముందమ్మా?"

"ఏమీ లేదు."

"ఏమీ లేదా?"

"లాయరు గారు అడుగుతుంటే మధ్యలో మీరెందుకండీ?"

"నేనూ అడుగుతున్నాను. పెళ్ళయిన దగ్గర్నుంచి ఆ ఊరి పేరు నీ నోట వినలేదు. వార్తల్లో ఆ ఊరొస్తే చానెల్ మార్చేస్తావు. అందుకని అడిగాను."

"నేను మార్చేది వార్తలు, ఊరు కాదు."

"ఇదిగో, మీ ఇద్దరి పంచాయితీ బయట పెట్టుకోండి. నాకొక్కటే చెప్పండమ్మా. అవతల ప్లీడరు ఈ మాటే పట్టుకుంటే నేను నిలబడి జవాబు చెప్పాలి. చెప్పడానికి మీ దగ్గర ఇంకేమైనా ఉందా?"

"లేదండీ."

"నిజంగా?"

"లేదన్నాను కదా."

లాయరమ్మ కలం మూత పెట్టి ముందు భార్యనీ, తర్వాత భర్తనీ చూసింది. కేసు వేస్తానంది గానీ, నమ్మినట్టు మాత్రం అనలేదు.

ఇద్దరూ ఇంటికి చేరారు. పాప ఇంకా బడి నుంచి రాలేదు. అతను కుర్చీలో కూలబడి తన కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడవడం మొదలుపెట్టాడు.

"తుడిచిందే తుడుస్తున్నారు. అడగదలుచుకున్నది అడగండి."

"అడగటానికేముంది. వెళ్దామంటున్నాను, అంతే."

"అదే ఎందుకంటున్నాను. ఆర్డరు వచ్చిన రోజు నేనలా కూలబడి ఉంటే మీరు ఇల్లు ఖాళీ చెయ్యడం గురించి మాట్లాడారు. ఎవరైనా అలా మాట్లాడతారా?"

"ఉద్యోగమన్నాక బదిలీలుంటాయి కదా."

"ఇక్కడికి వేసినప్పుడు ఈ మాట గుర్తులేదా మీకు? షాపు ఎత్తెయ్యాలని రోజూ గొణిగారు. ఇప్పుడేమో సామాను సర్దుదామంటారు. ఆ సూపరింటెండెంటు మీ షాపుకి వస్తాడు కదా?"

"వచ్చాడు. కళ్ళజోడు కోసం."

"ఏం మాట్లాడాడు?"

"దగ్గరివి కనబడటం లేదన్నాడు."

"వెటకారమొద్దు."

"వెటకారం కాదు, ఆయన అన్నదే చెబుతున్నా. అయినా నన్నెందుకు తవ్వుతున్నావు? నేనే నిన్ను బదిలీ చేయించాననుకుంటున్నావా?"

"ఎవరు చేయించారో నాకు తెలీదు. ఎవరు సంతోషపడుతున్నారో మాత్రం కనబడుతోంది."

"సరే, ఇప్పుడు నా వంతు. ఆ ఊళ్ళో ఎవరున్నారు?"

"ఎవరూ లేరు."

"ఎవరూ లేని ఊరంటే భయమెందుకు?"

"భయమేంటి. దూరం."

"నిరుడు ఇంతకంటే దూరం వేస్తారని పుకారొస్తే, వేస్తే వేశారులే అన్నావు."

"మీకు అనుమానంగా ఉంటే చుట్టూ తిప్పకండి. అక్కడ ఎవడైనా ఉన్నాడా అని నేరుగా అడగండి. అడిగేసి ఊరుకోండి."

"నేనడగను."

"ఎందుకని?"

"నేనడిగితే నువ్వు జవాబిస్తావు. నీ అంతట నువ్వు చెబితే వేరు."

"ఏం వేరు?"

"వేరే."

"నా దగ్గర చెప్పడానికేమీ లేదు."

"లేకపోతే మంచిదే."

అతను కళ్ళజోడు పెట్టుకుని లేచాడు. ఆమెకు మాత్రం ఆ 'వేరే' అన్న ముక్క ముల్లులా దిగబడింది. ఇతనికేదో తెలుసునా, లేక తన మీద ఏదో కట్టుకథ అల్లుకుంటున్నాడా? అప్పటి నుంచి అతను ఫోనులో గొంతు తగ్గించి మాట్లాడినా, సరుకు తేవాలని పొద్దున్నే బస్సెక్కినా ఆమె మనసు అక్కడే తిరుగుతుండేది. అడిగితే తననూ అడుగుతాడు. అందుకని అడగలేదు.

కేసు వేశారు. మొదటి వాయిదాలోనే జడ్జి గారు ఆర్డరును తాత్కాలికంగా ఆపారు. నర్సు పాత చోటే డ్యూటీ చేస్తోంది గానీ ఆసుపత్రిలో గాలి మారిపోయింది. తను గదిలోకి అడుగుపెడితే కాంపౌండరు చెబుతున్న మాట మింగేసేవాడు. మందుల గది తాళం అడిగితే ఇప్పుడే ఎవరో పట్టుకెళ్ళారనేవారు. అలా ఉండగా ఒకనాడు సూపరింటెండెంటు పిలిపించాడు. గదిలో ఆయన ఒక్కడే ఉన్నాడు.

"రండి సిస్టర్. స్టే తెచ్చుకున్నారట."

"తెచ్చుకున్నాను సార్."

"మంచిది. కోర్టులున్నదే అందుకు. పాప బాగా చదువుతోందా?"

"పాప సంగతి మీకెవరు చెప్పారు సార్?"

"మీరే. కేసులో రాశారు కదా. అలా ఉలిక్కిపడతారేంటి?"

"ఉలిక్కిపడలేదు సార్."

"ఆ పెద్ద జైలంటే మీకెందుకో అంత ఇది. అక్కడ నాలుగేళ్ళు చేశాను నేను. మంచి గాలి, మంచి నీళ్ళు. తెలిసినవాళ్ళెవరైనా ఉన్నారా అక్కడ?"

"ఎవరూ లేరు సార్."

"లేరా. సరే. ఇదంతా నాకూ ఇష్టం లేదు సిస్టర్. మీరు సీనియర్. ఆ రోజు రాసిన ముక్క సరిచెయ్యండి. జారిపడ్డాడని రాస్తే చాలు. ఆర్డరు నేనే వెనక్కి తీయిస్తాను. కోర్టూ అక్కర్లేదు, లాయరూ అక్కర్లేదు. మీ గుట్టు మీ దగ్గరే ఉంటుంది."

"నా గుట్టేంటి సార్?"

"మాట వరసకి అన్నాను."

"అతని చెయ్యి ఎలా విరిగిందో మీకు తెలుసు, నాకు తెలుసు. జారిపడ్డాడని రాయలేను సార్."

"ఆలోచించుకోండి."

"ఆలోచించే చెబుతున్నాను."

ఆమె వరండాలోకి వచ్చింది. మాట వరసకి అన్నాడో, మనసులో పెట్టుకుని అన్నాడో తేల్చుకోలేకపోయింది. ఒక్క ముక్క రాసిస్తే అంతా సద్దుమణిగిపోయేది. ఆ సంగతి తెలిసే కాదని వచ్చింది.

రెండో వాయిదాకు ప్రభుత్వ ప్లీడరు యూనియన్ దగ్గర ఆమె అన్న మాటనే పట్టుకొచ్చాడు. ఈవిడకు బదిలీ మీద అభ్యంతరం లేదు, ఊరి మీదే అభ్యంతరం, నచ్చిన ఊరు ఏరుకునే హక్కు ఉద్యోగికి ఉందా అని వాదించాడు. జడ్జి గారు ఆ ఊరికే ఎందుకు వెళ్ళరో వచ్చే వాయిదాకల్లా చెప్పమన్నారు. చెప్పకపోతే స్టే ఎత్తేస్తానన్నారు. బయటికి రాగానే లాయరమ్మ ఆమె చెయ్యి పట్టుకుని వరండా చివర ఖాళీ బెంచి దగ్గరికి తీసుకెళ్ళింది. ఆ రోజు భర్త వెంట రాలేదు.

"ఆ మాట ఆయన దాకా ఎవరు చేర్చారండీ?"

"ఎవరైతేనేం?"

"యూనియన్ ఆయనే. ఆయన తమ్ముడు మా సూపరింటెండెంటు దగ్గర డ్రైవరు. లేకపోతే కాంపౌండరు. లేకపోతే..."

"అమ్మా, లోకంలో అందర్నీ అనుమానిస్తూ మీరు ఏదో దాస్తున్నారు. నాకు అది కావాలి. మీ ఆయన కూడా ఇక్కడ లేరు."

"ఆయనకి తెలియకూడదు."

"సరే."

"సరే అంటే?"

"సరే అంటే సరే. చెప్పండి."

"అక్కడ మా అన్నయ్య ఉన్నాడు."

"ఆ జైల్లో ఉద్యోగమా?"

"కాదు. లోపల."

"ఖైదీనా?"

"యావజ్జీవం."

"ఒక్క నిమిషం ఉండండి. రక్తసంబంధీకులు ఖైదీలుగా ఉన్న జైల్లో సిబ్బందిని వెయ్యకూడదని మీకు రూలుండాలే?"

"ఉంది."

"ఉందని మీకు తెలుసు."

"ఉద్యోగంలో చేరిన రోజు నుంచీ తెలుసు."

"తల్లీ, తాళంచెవి కొంగున కట్టుకుని తలుపు పగలగొట్టమని నన్ను పిలిచారా? ఈ ఒక్క ముక్క మొదటిరోజు చెప్పి ఉంటే ఈపాటికి కేసు అయిపోయేది."

"చెబితే ఇంట్లో తెలుస్తుంది."

"తెలిస్తే?"

"అన్నయ్య పోయాడని చెప్పాను. సంబంధం మాట్లాడుకునేటప్పుడే చెప్పాను. లారీ గుద్ది పోయాడని. ఈయనకీ అదే చెప్పాను, అత్తగారికీ అదే చెప్పాను. పాప కూడా మామయ్య లేడనే అనుకుంటోంది. పోయాడన్న మనిషిని ఇప్పుడెలా బతికించను?"

"ఏం చేశాడు మీ అన్నయ్య?"

"మా పెదనాన్న కొడుకుని కొట్టాడు. పొలంలో నీళ్ళ మోటారు దగ్గర మాటా మాటా పెరిగింది. ఇనప పైపు చేతికందింది. ఒక్క దెబ్బే. ఆ ఒక్క దెబ్బా నేను చూశాను."

"మీరు చూశారా?"

"నర్సింగు చదువుతున్నానప్పుడు. సెలవులకి ఇంటికొచ్చాను. పొలంలో ఇంకా కొందరున్నారు. వాళ్ళంతా చూడలేదన్నారు. నన్నడిగితే చూశానన్నాను."

"ఎవరితో? పోలీసులతోనా?"

"పోలీసులతో చెప్పాను. కోర్టులోనూ చెప్పాను. బోనెక్కి, అన్నయ్య ఎదురుగా ఉండగా. మా అమ్మ వెనక వరసలో కూర్చుంది. ఇంకెవరూ చెప్పలేదు. నా మాట మీదే శిక్ష పడింది. అమ్మ పోయేదాకా మళ్ళీ నాతో మాట్లాడలేదు."

"ఆయన?"

"ఎవరు?"

"మీ అన్నయ్య. ఏమన్నా అన్నాడా?"

"నేను బోను దిగి ఆయన పక్కనుంచి వెళ్తున్నాను. కళ్ళు కనబడటం లేదు. చూసి నడువు, అక్కడ మెట్టుంది అన్నాడు. అంతే. అదే ఆఖరి మాట."

"తర్వాత మీరు చూడ్డానికి వెళ్ళలేదా?"

"లేదు."

"ఒక్కసారి కూడా?"

"మేడమ్, యావజ్జీవం పడ్డవాళ్ళని కొన్నేళ్ళకి వదిలిపెడతారు. జైళ్ళలో పనిచేసేదాన్ని, నాకు తెలీదా? కానీ బయట పూచీ ఉండే బంధువు కావాలి. అమ్మ లేదు. నేను తప్ప ఆయనకి ఎవరూ లేరు. నేను వెళ్ళలేదు. అంటే ఇంకా లోపలే ఉన్నాడని అర్థం. ఆయన పేరు చెప్పి ఆరా తీసే ధైర్యం కూడా లేదు, ఎందుకడుగుతున్నావంటే ఏం చెప్పను? ఇప్పుడు నన్ను తీసుకెళ్ళి అక్కడే వేశారు. జ్వరమొచ్చి వరసలో నిలబడితే మాత్ర నేనే ఇవ్వాలి. ఏ మొహం పెట్టుకుని ఇవ్వను?"

"సూపరింటెండెంటు తెలిసే వేశాడంటారా?"

"అదే నన్ను నిద్ర పోనివ్వడం లేదు. మీ గుట్టు మీ దగ్గరే ఉంటుందన్నాడు. కట్టుకున్నవాడికే చెప్పని సంగతి ఆయనకెలా తెలుస్తుంది?"

"సీలు వేసిన కవరులో ఇద్దాం. జడ్జి గారూ, ప్రభుత్వ ప్లీడరూ తప్ప ఎవరూ చూడరు."

"ప్లీడరు మా ఆఫీసుకి చెబుతాడు. ఆఫీసులో ఒకరికి తెలిస్తే..."

"వాళ్ళలో మీ ఆయనకి చెప్పేవాళ్ళెవరు?"

"ఏమో. చెప్పలేను."

"మీ ఆయన్ని ఇంత దూరం పెట్టి కాపరం ఎలా చేస్తున్నారమ్మా?"

"ఇన్నాళ్ళూ బాగానే చేశాను."

కవరు సిద్ధమైంది. ఆమె సంతకం పెట్టింది. ఇంటికొచ్చాక భర్త వాయిదా సంగతి అడిగితే, మళ్ళీ వాయిదా వేశారని మాత్రం చెప్పింది. ఇంకేమైనా జరిగిందా అని అతను మరోసారి అడిగాడు. ఏం జరుగుతుంది, కోర్టంటే అంతే కదా అని ఆమె పాప పుస్తకాలు సర్దడంలో పడిపోయింది.

చివరి వాయిదా రోజు సెలవు దొరకలేదు. డ్యూటీ దిగేసరికి, వెంటనే రమ్మని లాయరమ్మ దగ్గరనుంచి ఫోన్. వెళ్ళేసరికి ఆవిడ నల్లకోటు కూడా విప్పకుండా బల్ల దగ్గర కూర్చుని ఉంది. ఎప్పట్లా రండి అనలేదు.

"గెలిచారు."

"నిజంగానా?"

"ఆర్డరు కొట్టేశారు. ఆ ఖైదీ చెయ్యి సంగతి జడ్జి గారికి గట్టిగానే గుచ్చుకుంది. గడువు తీరకుండా ఈవిణ్ణి కదిలించాల్సిన అవసరమేంటని అడిగితే అవతల ప్లీడరు నీళ్ళు నమిలాడు. అక్కడికే వేయడానికి కారణమేంటంటే, దూరంగా ఉంది కాబట్టి వేసి ఉంటారని నోరు జారాడు."

"అంటే సూపరింటెండెంటుకి మా అన్నయ్య సంగతి..."

"తెలీదు. ఎవరికీ తెలీదు. మిమ్మల్ని ఎక్కడికో దూరంగా తోలెయ్యాలనుకున్నారు, తోలేశారు. అంతే."

"మేడమ్, మీకెలా చెప్పాలో..."

"ఉండండి. మీరు చెప్పాల్సింది ఇంకా ఉంది. కూర్చోండి. ఆ కవరు వల్ల మీరు గెలవలేదు. ఆ కవరు వల్ల నా మొహం మాడింది."

"ఎందుకండీ?"

"మా క్లయింటు అన్నగారు ఆ జైల్లో ఉన్నాడని నేను రాసిచ్చాను. జడ్జి గారు కనుక్కోమన్నారు. ప్లీడరు మధ్యాహ్నం దాకా గడువడిగి, ఫోన్లు చేసుకొచ్చి, ఆ మనిషి ఇప్పుడక్కడ లేడన్నాడు."

"లేడంటే..."

"కంగారు పడకండి."

"పోయాడా?"

"పోలేదు. విడుదలయ్యాడు. ఏడాది దాటిందట."

"అబద్ధం."

"ఇందులో అబద్ధమాడే అవసరం ప్లీడరుకి లేదు."

"పూచీ లేకుండా వదలరండీ. మీకు చెప్పాను కదా. పూచీ ఎవరున్నారు?"

"అదే నేనూ అడుగుతున్నాను. నాతో ఆడుతున్నారా మీరు? బెంచి మీద కూర్చుని, ఆయనకి ఎవరూ లేరు, నేను వెళ్ళలేదు అన్నారు. నమ్మాను. నమ్మి కోర్టుకి చెప్పాను."

"నేను వెళ్ళలేదు. పాప మీద ఒట్టు."

"మీరు వెళ్ళారని అనలేదమ్మా. గేటు దగ్గరికి వచ్చి తీసుకెళ్ళిన మనిషి, చెల్లెలి భర్తనని చెప్పాడట."

"చెల్లెలి..."

"ఎంతమంది చెల్లెళ్ళు ఆయనకి?"

లాయరమ్మ గొంతు కొంచెం మెత్తబడింది.

"అమ్మా?"

"ఒక్కదాన్నే."

షాపు దాకా ఎలా నడిచిందో ఆమెకు తెలియదు. లోపల ఒక పెద్దాయన కుర్చీలో కూర్చుని గోడ మీది అక్షరాలు పైనుంచి కిందికి చదువుతున్నాడు. ఆమె గుమ్మం పక్కనే నిలబడింది. ఆయన కొత్త కళ్ళజోడు పెట్టుకుని, వీధిని ఒకసారి అటూ ఇటూ చూసి వెళ్ళిపోయేదాకా భార్యాభర్తలు ఒకరినొకరు పలకరించుకోలేదు.

"గెలిచావట కదా. లాయరమ్మ ఫోన్ చేసింది."

"మీకూ చేసిందా? ఇంకేం చెప్పింది?"

"గెలిచావని చెప్పింది. ఇంకేమైనా ఉందా?"

"మళ్ళీ అదే మాట. ఇంకేమైనా ఉందా, ఏమీ లేదా, ఎవరూ లేరా. ఎన్నాళ్ళ నుంచి ఆడుతున్నారండీ నాతో?"

"ఆడటం లేదు."

"అన్నయ్య ఎక్కడున్నాడు?"

"కూర్చో."

"పొద్దున్నుంచీ అందరూ కూర్చోమనేవాళ్ళే. ఎక్కడున్నాడు?"

"బాగున్నాడు. పక్క ఊళ్ళో ఉన్నాడు. లోపల వడ్రంగం నేర్చుకున్నాడు. తలుపులూ కిటికీలూ చేసేచోట పనికి కుదిరాడు. ఒక గది ఉంది. వండుకుంటాడు. ఈ ఊళ్ళోనే ఉండమన్నాను. ఉంటే నీకెక్కడ ఎదురుపడతానోనని అక్కడ ఉన్నాడు."

"మీకెలా తెలుసు? నేను చెప్పలేదు. చెప్పేవాళ్ళు లేరు."

"ఆయన్ని వదలకముందు ఒకరోజు, నువ్వు డ్యూటీకి వెళ్ళాక ఒకాయన ఇంటికొచ్చాడు. ఖైదీని వదిలే ముందు బంధువుల్ని విచారించే ఆఫీసరట. మీ ఊరు వెళ్ళి, అక్కడ అడిగి, వెతుక్కుంటూ వచ్చాడు. మీ భార్య అన్నగారిని వదిలితే మీరు చూసుకుంటారా అన్నాడు. నా భార్యకి అన్నలెవరూ లేరు, ఇల్లు పొరబడ్డారు అన్నాను. ఆయన నీ పేరు చెప్పాడు. మీ అమ్మ పేరు చెప్పాడు. మోటారు గొడవ చెప్పాడు. నువ్వు బోనెక్కి చెప్పిన సంగతీ చెప్పాడు. నేనలా తలుపు పట్టుకుని నిలబడిపోయాను."

"ఆ రోజే నన్నెందుకు అడగలేదు?"

"కోపం. ఎందుకుండదు? బతికున్న మనిషిని చంపేసి ఇన్నేళ్ళు నా పక్కన తిరిగింది, ఇంకేం దాచిందో అని రోజూ నీ మొహం చూసేవాణ్ణి. పూచీ కూడా కోపంతోనే ఉన్నాను. ఎలాంటివాడో చూద్దామని. గేటు బయటికి వచ్చి నన్ను చూసి మొదట ఏమన్నాడో తెలుసా? దానికి ఒంట్లో బాగుంటోందా అన్నాడు. నా కోపం అక్కడే పోయింది."

"మరి అప్పుడైనా చెప్పొచ్చు కదా."

"చెబుదామనే అనుకున్నా. ఆయన ఒద్దన్నాడు."

"ఒద్దన్నాడా?"

"బదిలీ వచ్చినప్పుడు వెళ్దాం వెళ్దామని వెంటబడ్డది అందుకే. అక్కడికెళ్తే ఆయన లేడని నీకే తెలుస్తుంది. తెలిశాక ఎవరితో చెప్పుకుంటావు, నాతోనే కదా అనుకున్నా. నువ్వేమో కోర్టుకెక్కావు. పోనీ లాయరు దగ్గరైనా నోరు తెరుస్తావేమోనని షాపు మూసి వెంట వచ్చాను. ఎన్నిసార్లడిగాను నిన్ను?"

"మీరు అనుమానిస్తున్నారనుకున్నాను."

"తెలుసు. చివరికి ఈసారీ కోర్టుకే చెప్పావు."

"ఆయన ఎందుకొద్దన్నాడు? నా మీద ఇంకా కోపమా? నన్ను చూడనన్నాడా?"

"నేనూ అదే అడిగాను. కోపమేం లేదు బావా అన్నాడు. పరాయివాళ్ళ మధ్యలో, కన్నతల్లి చూస్తుండగా, నా గురించి ఉన్నదున్నట్టు చెప్పింది మా చెల్లి. అది నీ ఒక్కడికి చెప్పలేకపోతోందంటే దానికి నేనింకా బరువే. నువ్వు చెప్పి నన్ను తీసుకెళ్ళొద్దు. తన నోటితో నీకు చెప్పిన రోజు కబురు పెట్టు, ఆ పూటే బయల్దేరతాను అన్నాడు."

ఆమె గుమ్మానికి ఆనుకుంది. అతను దీపాలు ఒక్కొక్కటే ఆర్పి, తాళం చేతిలోకి తీసుకున్నాడు.

"పద, పాప వచ్చే వేళయింది."

"ఒక్క నిమిషం ఉండండి."

"ఊఁ."

"మీకో సంగతి చెప్పాలి."

"చెప్పు."

"నాకో అన్నయ్య ఉన్నాడు."